హనుమకొండ ఎండల్లో వెనీలా తీగకు అడవి నీడ కల్పించడం

వెనీలా ఆర్కిడ్ కుటుంబానికి చెందిన తీగ. మనం పెంచుకునే వెనీలా ప్లానిఫోలియా స్వస్థలం మెక్సికో, మధ్య అమెరికాల్లోని తడి అడవులు. అక్కడ అది చెట్లను పట్టుకొని పాకుతూ, రాలి మాగిన ఆకుల పొరలో పైపైనే వేళ్లూని, కొమ్మల సందుల్లోంచి దిగే పలుచని వెలుతురులో బతుకుతుంది. దక్షిణ భారతదేశంలోనూ, శ్రీలంకలోనూ వెనీలా వాకెరియే అనే అడవిజాతి ఉంది. దానికి ఆకులు పేరుకే, పచ్చని కాండమే ఆకు పని చేస్తుంది. దాన్ని అడవిలోనే ఉండనివ్వాలి.

మన వైపు అడవుల్లో టేకు వేసవికల్లా ఆకు రాల్చేస్తుంది కనుక వెనీలాకు నీడ దొరకదు. అందుచేత మొక్కకంటే ముందు చోటును సిద్ధం చేయాలి. మధ్యాహ్నపు ఎండ తగలని తూర్పు గోడ పక్కన తీగ పాకడానికి గ్లిరిసీడియా అనే త్వరగా పెరిగే చెట్టు కొమ్మను ఏడాది ముందే నాటి, పైన సగం ఎండను ఆపే 50 శాతం షేడ్‌నెట్ కట్టాలి.

మృగశిర కార్తెలో తొలకరి పడ్డాక మీటరు పొడవు తీగముక్క తెచ్చి, కింది మూడు నాలుగు ఆకులు తీసి, వారం రోజులు నీడలో వాడనివ్వాలి. కోసినచోట కారే రసం తగిలితే దురద పెడుతుంది, చేతికి తొడుగు వేసుకోవాలి. మొదటిసారి నేను ఎర్రమట్టిలో గుంత తవ్వి లోతుగా పాతాను. నెల తిరక్కుండానే మొదలు నల్లబడి, మెత్తగా చేతికి ఊడివచ్చింది. ఆకుల ఎరువులో కొబ్బరిపీచు కలిపి, కింది కణుపులను రెండు వేళ్ల మందాన కప్పి, కోసిన కొనను మాత్రం బయటికే ఉంచాలి.

రోహిణి కార్తె అసలు పరీక్ష. అప్పుడు చుట్టూ తడి గోనెపట్టలు వేలాడదీసి, ఉదయం, సాయంత్రం తీగపై నీళ్లు చిలకరించాలి. తీగ మొదలు దగ్గర మాత్రం మట్టి పైపొర ఆరాకే నీళ్లు పోయాలి.

తీగ తలెత్తు దాటాక కిందికి వంచి వేలాడదీస్తే, ఆ వేలాడే భాగంలోనే, సాధారణంగా మూడో ఏట, పూత వస్తుంది. పువ్వు తెల్లవారి విచ్చి ఆ పూటకే వాడిపోతుంది. లోపల పుప్పొడికీ, దాన్ని అందుకునే కీలాగ్రానికీ మధ్య సన్నని రెప్ప అడ్డుంటుంది. కాయ కట్టాలంటే దాన్ని పుల్లతో పైకెత్తి, పుప్పొడి ముద్దను బొటనవేలితో కీలాగ్రానికి అదమాలి. హిందూ మహాసముద్రంలోని రియూనియన్ ద్వీపంలో 1841లో ఈ కిటుకు కనిపెట్టినవాడు ఎడ్మండ్ ఆల్బియస్ అనే పన్నెండేళ్ల బానిస బాలుడు. గుత్తికి ఎనిమిది పదికి మించి కాయలు నిలపకూడదు, ఆశపడితే తీగ నీరసిస్తుంది.

ఎనిమిది తొమ్మిది నెలలకు కాయ కొన పసుపు తిరుగుతుంది, అప్పుడు కోయాలి. వాసన రాలేదని కంగారుపడనక్కరలేదు; వేడినీటిలో ముంచి, దుప్పట్లో మగ్గబెట్టి, వారాల తరబడి ఆరబెట్టాకే అది బయటపడుతుంది.