పరాయి దేశంలో పాటకు చోటు: కొత్తగా వచ్చినవారికి

కొత్త దేశంలో దిగిన తొలి నెలల్లో ఇల్లు, ఉద్యోగం, పిల్లల బడి అనే పనుల నడుమ పాట సంగతి ఆలోచించే తీరిక ఎవరికీ ఉండదు. అయినా దాన్ని వాయిదా వేయవద్దని నా మనవి. ఫోనులో వేల పాటలున్నంత మాత్రాన పాట మన వెంట వచ్చినట్టు కాదు. నలుగురు కూర్చుని గొంతు కలిపే చోటు ఒకటి దొరికితేనే అది మనతో ఉంటుంది.

మనకన్నా ముందు వలస వెళ్లినవారు దీన్ని బాగా ఎరుగుదురు. ఐర్లండ్‌లో 1848లో పుట్టి చికాగో నగర పోలీసు అధిపతి అయిన ఫ్రాన్సిస్ ఓనీల్, అక్కడ స్థిరపడిన తనవారు వాయించే బాణీలను ఓపికగా పోగుచేసి, స్వరాలు రాయడం తెలిసినవారి చేత రాయించి, 1903లో 1,850 బాణీల సంపుటాన్ని వెలువరించారు. తర్వాత ఐర్లండ్‌లోని వాద్యకారులే ఆ పుస్తకాన్ని ఆధారంగా చేసుకున్నారు. మారిషస్‌లోని భోజ్‌పురి కుటుంబాల పెళ్లిపాటల సంప్రదాయమైన గీత్ గవాయిని యునెస్కో 2016లో వారసత్వ జాబితాలో చేర్చింది. అది తరాలపాటు నిలిచింది ఇళ్లలో ఆడవాళ్లు కలిసి పాడుకోవడం వల్లనే.

అందుకే ఏడాదికొకసారి జరిగే పెద్ద కార్యక్రమం కన్నా వారం వారం జరిగే చిన్న సాధనను వెతకండి. గ్రంథాలయం నోటీసు బోర్డు, ప్రార్థనాలయం, విశ్వవిద్యాలయ సంగీత విభాగం మొదట అడగవలసిన చోట్లు.

పిల్లల విషయంలో తొందర పనికిరాదు. మా అబ్బాయి ఐదేళ్లప్పుడు పాటలో 'ళ'ను 'ల' అనేవాడు. నేను సరిదిద్దిన కొద్దీ పాడడమే మానేశాడు. ఇక ఏమీ అనకుండా, కారులో బడికి వెళ్లేటప్పుడు వాడి అమ్మానాన్నలం మేమిద్దరమే పాడుకునేవాళ్లం. కొన్ని వారాలకు వెనక సీటులోంచి సన్నగా ఒక గొంతు కలిసింది. చరణం చివర 'ళ' నిండుగా పలికింది. ఇంట్లో పెద్దలు పాడినప్పుడు రికార్డు చేసి, ఎవరు, ఎప్పుడు, ఏ సందర్భంలో పాడారో కూడా చెప్పించి ఉంచండి. ఆ నాలుగు మాటలు లేకపోతే తర్వాతి తరానికి అది ఎవరిదో తెలియని గొంతుగానే మిగులుతుంది.

చెక్క వాయిద్యం ఉంటే చలికాలపు హీటర్ల పొడిగాలికి పగుళ్లిస్తుంది. గదిలో తేమ 40 నుంచి 60 శాతం మధ్య ఉండేలా చూసుకోండి. నిశ్శబ్దం పాటించవలసిన వేళలను ఇంటి ఒప్పందంలో ముందే చదవండి. సాధన మొదలుపెట్టే ముందు పక్కింటివారి తలుపు తట్టి, ఏం పాడుతున్నారో అర్థం చెప్పి, వారి ఇంట పాడుకునే పాట ఒకటి అడిగి నేర్చుకోండి.