నాటకం డ్రస్సులు: జరీ నలుపు, బూజు, పసుపెక్కిన పంచె

వినాయక చవితి పందిళ్లలో కట్టిన డ్రస్సులు సంక్రాంతికి పెట్టె తెరిచేసరికి సగం పాడై కనిపిస్తాయి. కోనసీమ తడిగాలి అలాంటిది. కారణం తేల్చుకోకుండా నీళ్లలో ముంచకండి.

కృష్ణుడి కోటు అంచు నల్లబడింది

ముందు అది ఏ జరీయో చూడాలి. లోపలి కుట్టు దగ్గర ఒక పోగు లాగి, అగ్గిపుల్ల వెలిగించి చూపండి. ముడుచుకుని ఉండ కడితే ప్లాస్టిక్ జరీ. దానికి వచ్చేది నలుపు కాదు, పూత రాలడం. సన్నటి తీగ మిగిలితే చాలావరకు రాగి మీద వెండి పూత వేసిన జరీ. చెమటలోని ఉప్పు, గాలిలోని తడి ఆ పూతను తినేస్తాయి, కింది రాగి బయటపడి నల్లబడుతుంది. చింతపండు పెట్టి రుద్దితే ఆ పూటకు తళతళలాడుతుంది గానీ మిగిలిన పూతా పోతుంది. పట్టీ విప్పి కొత్తది కుట్టడమే దారి.

కొత్తదాన్ని కాపాడుకోవాలంటే చంకల్లో, మెడపట్టీ కింద నూలు గుడ్డ కచ్చాకుట్టుతో వేయండి. ఆటకొకసారి విప్పి ఉతకొచ్చు. నాటకం అయ్యాక కోటు తిరగేసి ఒక పూటంతా ఫ్యాను కింద వేలాడదీయాలి. పాత నూలు పంచెలో చుట్టండి, పాలిథిన్ కవరు వద్దు. కలరా ఉండలు మూటకట్టి, జరీకి తగలకుండా పెట్టండి.

వెల్వెట్ మీద బూజు, ముక్కిన వాసన

తడి ఆరకముందే మడతపెట్టారు. ముక్కుకు గుడ్డ కట్టుకుని ఆరుబయటే మెత్తని బ్రష్‌తో దులపండి. గదిలో దులిపితే పక్క డ్రస్సులకూ అంటుకుంటుంది. తర్వాత తిరగేసి గంటసేపు ఎండలో వేయండి. ఇంకా వాసనుంటే అస్తరుకు మాత్రం సర్జికల్ స్పిరిట్ స్ప్రే చేయొచ్చు. ముందు ఒక మూల చూసుకోండి, దగ్గర్లో మంట ఉండకూడదు. మడత గీతలకు ఇస్త్రీ పెడితే నూగు అణిగిపోతుంది. వెనకవైపు నుంచి జానెడు దూరంలో ఆవిరి పట్టి, ఎదురు దువ్వండి.

ధర్మరాజు తెల్ల పంచె పసుపెక్కింది

బ్లీచింగ్ వేసినకొద్దీ ముదురుతోందా? తప్పు బోరు నీళ్లది. నీళ్లు బకెట్‌లో ఒక రాత్రి ఉంచండి, అడుగున ఎర్రమడ్డి దిగితే ఇనుము ఉన్నట్టే. బ్లీచింగ్ ఆ ఇనుమును తుప్పుగా మార్చి నూలుకు పట్టిస్తుంది. పంచెలో బ్లీచింగ్ ఏమాత్రం మిగలకుండా జాడించి, లీటరు గోరువెచ్చని నీళ్లకు రెండు చెంచాల నిమ్మ ఉప్పు (సిట్రిక్ యాసిడ్) కలిపి పావుగంట నానబెట్టండి. జరీ అంచు మాత్రం తడవనివ్వొద్దు. బ్లీచింగ్, నిమ్మ ఉప్పు కలిస్తే విషవాయువు పుడుతుంది. ఆఖరి జాడింపు ఫిల్టరు నీళ్లతో.

షూటింగ్ చొక్కా మీద అరటి జిగురు

పడ్డప్పుడు కనపడదు, గాలి తగిలాక గోధుమరంగు తిరిగి నల్లబడుతుంది. వెంటనే ఉతికితే కొంత పోతుంది. ఎండిందా, ఇక వదలదు. అరటితోట సీనుంటే ఒకే చొక్కా మూడు జతలు కుట్టించుకోండి. మచ్చపడినదాన్ని పారేయొద్దు. కూలీ వేషానికి అలాంటి మరక ఏ అద్దకంలోనూ రాదు.