కుటుంబ కోర్టు అప్పీలు – పాఠం 5: డిఫాల్ట్‌లో కొట్టేస్తే ఏం చేయాలి?

పోయిన పాఠంలో హైకోర్టులో అప్పీలుకు నంబరు పడేదాకా వచ్చాం. నంబరు పడింది కదా, ఇక లాయరుగారే చూసుకుంటారనుకుని చాలామంది ఆ సంగతే వదిలేస్తారు. వాయిదా రోజున కేసు పిలిచినప్పుడు మన తరఫున ఎవరూ పలకకపోతే, సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 41, రూల్ 17 కింద అప్పీలు కొట్టేయవచ్చు. డిఫాల్ట్‌లో పోయింది అనేది దీన్నే.

కంగారు పడకుండా ముందు ఆర్డరు కాపీ తీసి చదవండి. మనం లేనప్పుడు కేసు మంచిచెడ్డల్లోకి వెళ్లి అప్పీలు కొట్టేసే అధికారం ఆ రూల్ ఇవ్వదు. అంటే మన వాదనలో బలం ఉందో లేదో ఇంకా ఎవరూ తేల్చలేదు. రూల్ 19 కింద రిస్టోరేషన్ పిటిషన్ (కొట్టేసిన అప్పీలును మళ్లీ తీసుకోమని అడిగే దరఖాస్తు) వేసి, రాలేకపోవడానికి తగిన కారణం చూపిస్తే అప్పీలు మళ్లీ ఫైలు మీదికొస్తుంది.

గడువు 30 రోజులు. లిమిటేషన్ చట్టం ఆర్టికల్ 122 ప్రకారం ఈ లెక్క కొట్టేసిన తేదీ నుంచి నడుస్తుంది, మనకు తెలిసిన తేదీ నుంచి కాదు. దాటితే సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని మరో పిటిషన్ జతచేయాలి.

విడాకుల డిక్రీ మీద అప్పీలైతే ఒక్కరోజు కూడా ఆగకండి. హిందూ వివాహ చట్టం సెక్షన్ 15 ప్రకారం అప్పీలు డిస్మిస్ అయ్యాక అవతలివారు మళ్లీ పెళ్లి చేసుకోవచ్చు. ఆ పెళ్లి కాస్తా అయిపోతే మన పిటిషన్ పెద్ద చిక్కులో పడుతుంది.

ఇక పిటిషన్‌తో పాటు ఇచ్చే అఫిడవిట్. అనివార్య కారణాల వల్ల హాజరు కాలేకపోయాను అనే వాక్యం ఎందుకూ కొరగాదు. ఇలా రాయండి:

"మార్చి 3న కేసు పిలిచిన సమయానికి మా న్యాయవాది వేరే కోర్టు హాల్లో వాదిస్తున్నారు. నేను ఆసుపత్రిలో ఉన్నాను. డిశ్చార్జి పత్రం జతచేశాను. ఏప్రిల్ 20న కేసు స్టేటస్ చూసినప్పుడే అప్పీలు కొట్టేసిన సంగతి తెలిసింది. 22న ఆర్డరు కాపీకి దరఖాస్తు చేశాను."

తేదీ, కారణం, దానికో కాగితం. జరిగిందే రాయండి, ఎందుకంటే అఫిడవిట్ ప్రమాణం చేసి ఇచ్చేది. తప్పు లాయరుదైతే ఆ మాటే చెప్పండి. న్యాయవాది రానందుకు కక్షిదారును శిక్షించకూడదని 1981లో సుప్రీంకోర్టు ఒక కేసులో అంది. అయితే అన్ని కేసుల్లోనూ ఈ మాట చెల్లదు. మీరు కేసును కనిపెట్టుకుని ఉన్నారా అని తప్పక అడుగుతారు. లాయరుకు పంపిన మెసేజ్‌లు దాచిపెట్టుకోవాలనడం అందుకే. ప్రతి కేసుకూ విడిగా ఉండే 16 అక్షరాల, అంకెల సీఎన్ఆర్ నంబరుతో ఈకోర్ట్స్ యాప్‌లో తర్వాతి వాయిదా మీరే చూసుకోవచ్చు. వారానికోసారైనా చూడండి.

అభ్యాసం: పై ఉదాహరణలో పిటిషన్ మే 5న వేశారు. ఆలస్యం ఎన్ని రోజులు? కొట్టేసిన రోజును వదిలేసి లెక్కిస్తే గడువు ఏప్రిల్ 2తో ముగుస్తుంది. ఏప్రిల్ 3 నుంచి మే 5 దాకా 33 రోజులు. ఏప్రిల్ 22 నుంచి మే 5 దాకా ఏం జరిగిందో ఆ అఫిడవిట్‌లో లేదు. ఆ భాగం మీరు రాసి చూడండి. వచ్చే పాఠం అక్కడినుంచే.