సుదూర ఉపగ్రహం మీద పరిశోధన స్థావరాన్ని ఊహించడం ఎలా?

కథ కోసమో, స్కూల్ ప్రాజెక్టు కోసమో మన చంద్రుడిలా ఏదో గ్రహం చుట్టూ తిరిగే, ఎక్కడో దూరాన ఉన్న ఉపగ్రహం మీద ఒక పరిశోధన స్థావరాన్ని కల్పించమంటే చాలామంది ముందు భవనం గీస్తారు. గాజు గోపురం, మెరిసే గదులు, వాటంతట అవే తెరుచుకునే తలుపులు. భవనాన్ని ఆఖరుకు వదిలేయండి. ముందు నేలను ఎంచుకోండి. గోడలో ఏముండాలి, రోజు ఎంత పొడవు, అక్కడి మనుషులు దేనికి భయపడతారు, ఇవన్నీ ఆ నేలే చెబుతుంది.

1. ఉపగ్రహాన్ని ఎంచుకోండి

గురుగ్రహం చుట్టూ తిరిగే యూరోపాలో మంచు కింద సముద్రం ఉందనడానికి బలమైన ఆధారాలున్నాయి. కానీ రక్షణ లేకుండా ఆ మంచు మీద ఒక్కరోజు గడిపితే, అందే రేడియేషనే ప్రాణం తీయగలదు. కాబట్టి అక్కడ స్థావరమంటే మంచులోకి తవ్వుకుని బతకడమే. గురుడికే చెందిన కాలిస్టో మీద ఆ బాధ చాలా తక్కువ. 2003లో నాసా చేసిన ఒక అధ్యయనం మనుషుల యాత్రకు దాన్నే గమ్యంగా తీసుకుంది.

నా ఓటు మాత్రం శనిగ్రహపు ఉపగ్రహం టైటాన్‌కే. ఇక్కడి నుంచి దాన్నే ఉదాహరణగా తీసుకుందాం.

2. తెలిసిన లెక్కలు ఒక కాగితం మీద రాసుకోండి

ఉష్ణోగ్రత మైనస్ 179 డిగ్రీలు. గాలిలో ఎక్కువ భాగం నైట్రోజన్, కొంత మీథేన్. ఆక్సిజన్ లేదు. నేల మీద గాలి పీడనం మన దగ్గరకంటే ఒకటిన్నర రెట్లు. బరువు ఇక్కడున్న దాంట్లో ఏడో వంతు. ఉత్తర ధ్రువం వైపు ద్రవ మీథేన్ సముద్రాలు, వాటిలో క్రాకెన్ మారే అన్నిటికన్నా పెద్దది.

3. ప్రతి లెక్క పక్కన ‘అయితే ఏమవుతుంది?’ అని రాయండి

అసలు పని ఇదే. తొందరపడకండి.

బయట పీడనం ఉంది కాబట్టి, లోపల కూడా అంతే పీడనం ఉంచితే గోడకు చిల్లు పడినా గాలి ఒక్కసారిగా బయటికి దూసుకుపోదు. బయటికెళ్లేవారికి ఉబ్బెత్తు స్పేస్ సూట్ అవసరం లేదు. ఒళ్లంతా వెచ్చగా ఉంచే దుస్తులు, ఆక్సిజన్ మాస్క్ చాలు. అయితే ఆ చిక్కటి చలిగాలి వేడిని ఊరికే లాగేసుకుంటుంది. హీటర్ ఆగితే వచ్చే టెన్షన్ ముందు మిగతావన్నీ చిన్నవే.

నిప్పు సంగతి మన అలవాటుకు పూర్తిగా తిరగబడుతుంది. బయట అంత మీథేన్ ఉన్నా ఆక్సిజన్ లేక మండదు. ఆ మీథేన్ లోపలికి లీకైతేనే ముప్పు, ఎందుకంటే మనం పీల్చే ఆక్సిజన్ ఉన్నది అక్కడే.

2005 జనవరి 14న హైగెన్స్ నౌక టైటాన్ మీద దిగినప్పుడు, దాని వెచ్చదనానికి కింది తడి నేల నుంచి మీథేన్ ఆవిరై పైకి వచ్చింది. చిన్న నౌకకే అలా అయితే, ఏళ్ల తరబడి వెచ్చగా ఉండే ఇల్లు ఏం చేస్తుందో ఆలోచించండి. అందుకే నేను స్థావరాన్ని స్తంభాల మీద నిలబెడతాను. మన భూమి దక్షిణ ధ్రువంలోని అముండ్‌సెన్-స్కాట్ పరిశోధన కేంద్రం కూడా స్తంభాల మీదే ఉంది, కాకపోతే అక్కడ కారణం పేరుకుపోయే మంచు.

చోటు విషయంలో ఒక జాగ్రత్త. టైటాన్ ధ్రువం దగ్గరి సముద్రతీరం అందంగానే ఉంటుంది. కానీ శని సూర్యుణ్ని చుట్టడానికి 29 ఏళ్లకు పైగా పడుతుంది కాబట్టి, అక్కడ శీతకాలపు రాత్రి ఏళ్ల తరబడి సాగుతుంది. ఆ కాలంలో సూర్యుడితో పాటు భూమి కూడా దిగంతం కిందే ఉండిపోతుంది. పైన తిరుగుతూ సందేశాలు అందించే మరో నౌక లేకపోతే మాట బయటికి పోదు.

4. దూరాన్ని సమయంలోకి మార్చండి

టైటాన్ నుంచి పంపిన మాట భూమికి చేరడానికి సుమారు 70 నుంచి 90 నిమిషాలు పడుతుంది. బదులు రావడానికి మళ్లీ అంతే. ఫోన్ సంభాషణ కుదరదు, ఉత్తరాలే. ప్రయాణమైతే, 1997 అక్టోబరులో బయలుదేరిన కస్సీని నౌక శనిని చేరింది 2004 జూలైలో.

5. మనుషుల్ని పెట్టండి

వాళ్లు అంత దూరం ఏ ప్రశ్న కోసం వచ్చారో ఒక్క వాక్యంలో రాయండి. ‘జీవానికి ముందటి రసాయనాలు ఇక్కడ ఎంతవరకు ఎదిగాయి?’ అన్నది టైటాన్‌కు సరిపోయే ప్రశ్న.

తర్వాత ఒక్కొక్కరికీ రెండేసి పనులు ఇవ్వండి. 1961లో అంటార్కిటికాలోని ఒక సోవియట్ స్థావరంలో ఉన్న ఏకైక డాక్టర్ లియొనిద్ రొగొజోవ్, తన అపెండిక్స్‌ను తానే ఆపరేషన్ చేసి తీసేసుకోవాల్సి వచ్చింది. మీ స్థావరంలో డాక్టరుకే జబ్బు చేస్తే కత్తి ఎవరు పట్టాలి? ఈ జవాబు ముందే రాసి పెట్టుకోండి.

6. ఇప్పుడు భవనం గీయండి

స్తంభాలు, మందమైన ఉష్ణనిరోధక పొరలు, తలుపు దగ్గర మీథేన్ పసిగట్టే పరికరం, కాస్త దూరంగా అణుశక్తి యూనిట్. సూర్యకాంతి మీద ఆధారపడలేం, శని దగ్గరికి చేరేది మనకందే దాంట్లో వందో వంతే, అందులోనూ చాలా భాగాన్ని టైటాన్ పొగమంచు ఆపేస్తుంది. కిటికీలోంచి శని వలయాలు గీయాలని చెయ్యి లాగుతుంది. గీయకండి, ఆ పొగమంచులోంచి అవి మన కళ్లకు కనబడవు. సంధ్యవేళ లాంటి మసక నారింజ వెలుతురు, మంచు గులకరాళ్లు, స్తంభాల దగ్గర మాస్కు సరిచేసుకుంటున్న ఒక మనిషి. వీటితో మొదలుపెట్టండి.