అడవి పోతోందో లేదో శాటిలైట్ మ్యాప్‌లో మనమే చూసుకోవడం ఎలా

ముందు ఒక క్లారిటీ. చెట్టు కొట్టిన ప్రతిసారీ డిఫారెస్టేషన్ కాదు, అడవి నేలని పొలంగానో గనిగానో రోడ్డుగానో మార్చేస్తేనే ఆ మాట వాడతారు, ఐక్యరాజ్యసమితి ఆహార, వ్యవసాయ సంస్థ (ఎఫ్‌ఏఓ) లెక్క కూడా ఇదే, 1990 నుంచి 2020 దాకా అలా పోయింది సుమారు 42 కోట్ల హెక్టార్లు అంటే గుండె తరుక్కుపోతుంది.

ఇప్పుడు గ్లోబల్ ఫారెస్ట్ వాచ్ సైట్ ఓపెన్ చేయండి, ఫ్రీయే. కావాల్సిన ఏరియాకి జూమ్ చేసి ట్రీ కవర్ లాస్ లేయర్ ఆన్ చేస్తే 2001 నుంచి చెట్లు పోయిన చోటల్లా పింక్ రంగు కనిపిస్తుంది, టైమ్‌లైన్ జరుపుతూ ఏ ఏడాది ఎంత పోయిందో చూడొచ్చు.

పింక్ కనపడగానే పోస్ట్ పెట్టేయకండి ప్లీజ్. కలప కోసం పెంచిన తోట కోసినా, కార్చిచ్చు వచ్చినా అదే రంగు పడుతుంది. అందుకే గూగుల్ ఎర్త్‌లో అదే చోట పాత ఫొటోలు ఏడాదివారీగా తిప్పి చూడండి, కొత్త రోడ్డుకి రెండువైపులా చేపముల్లులా ఖాళీలు చీలుతూ, అంచులు గీత గీసినట్టు ఉండి, ఏళ్లు గడిచినా పచ్చదనం తిరిగి రాకపోతే అనుమానం గట్టిదే.

కింద వాగు కూడా చూడండి, వేర్లు పట్టుకున్న మట్టి వదులైపోయి వానకి కొట్టుకొస్తే నీళ్లు బురదరంగుకి తిరుగుతాయి. చెట్లు గాల్లోకి వదిలే తేమ తగ్గిపోతుంది, వాటిలో దాగిన కార్బన్ కూడా బయటికొచ్చేస్తుంది, జంతువులకి దారులు తెగిపోతాయి.

చివరగా అక్షాంశ రేఖాంశాలు, ఏడాది, ముందూ వెనకా స్క్రీన్‌షాట్లు కలిపి అటవీ అధికారులకి రాతపూర్వకంగా ఇచ్చి రసీదు తీసుకోండి.