చెప్పినా గుర్రం నడక మార్చడం లేదా? ముందు మీ చేతులు చూసుకోండి

సమస్య: కాళ్లతో ఎంత నొక్కినా గుర్రం మామూలు నడక వదిలి ట్రాట్‌లోకి (నడక కంటే వేగమైన దుడుకు నడకలోకి) రాదు. వచ్చినా నాలుగడుగులు వేసి మళ్లీ నడకలోకి జారుకుంటుంది.

ఇలా జరగగానే చాలామంది "మొండి గుర్రం" అనేసి బెత్తం అందుకుంటారు. అంతకంటే ముందు కిందికి దిగి చూడాలి. ఎన్నిసార్లు చెప్పినా ఈ ఒక్క పనే వదిలేస్తారు. జీను పట్టీ కింద చర్మం ఒరుసుకుపోయిందా? డెక్కలో రాయి ఇరుక్కుందా? గట్టి నేల మీద పక్కనే పరిగెత్తుతూ ట్రాట్ చేయించండి. తల ఎగరేస్తూ నడుస్తుంటే ముందుకాలిలో నొప్పి ఉందేమో అనుమానించాలి. నొప్పి ఉన్న కాలు నేలకు ఆనినప్పుడు తల పైకి లేస్తుంది. అలాంటి గుర్రాన్ని ఎక్కకండి, పశువైద్యుణ్ణి పిలవండి.

కుంటు లేదంటే పొడవాటి తాడు కట్టి మీ చుట్టూ తిప్పుతూ నోటిమాటతో నడక మార్పించండి. వింటోందంటే దానికి పాఠం వచ్చినట్టే, లోపం పైన కూర్చున్నవారిది. వినకపోతే ముందు కిందే నేర్పండి: ఒక్కో నడకకు ఒకే మాట, ఒకే స్వరం.

కారణం: పైన కూర్చున్నవారి లోపం చాలావరకు చేతుల్లోనే ఉంటుంది. కొత్తవారు కాలు నొక్కేటప్పుడు ఒళ్లంతా బిగిస్తారు, పగ్గాలు వెనక్కి వస్తాయి. కాలు పొమ్మంటుంది, బిట్ (పగ్గాలు కట్టిన నోటిలోని కడ్డీ) ఆగమంటుంది. పైగా మామూలు నడకలో గుర్రం మెడ అడుగడుగుకీ ముందుకూ వెనక్కీ ఊగుతుంది, చేతులు దాని వెంట వెళ్లాలి. ట్రాట్‌లో తల దాదాపు కదలదు, అప్పుడు చేతులూ నిలకడగా ఉండాలి. సరిగ్గా ఈ మార్పు దగ్గరే కొత్తవారి నడుము వెనక్కి పడుతుంది, పడిపోకుండా పగ్గాలు పట్టుకుని వేలాడతారు. మాట విన్న మరుక్షణమే పాపం గుర్రానికి నోట్లో దెబ్బ తగులుతుంది. అలా కొన్నాళ్లు జరిగితే కాలు నొక్కినా పట్టించుకోవడం మానేస్తుంది. తన చేయి లాగుతోందని ఎక్కినవారికి తెలియనే తెలియదు. ఎవరినైనా పక్కనుంచి మీ చేతుల వీడియో తీయమనండి.

పరిష్కారం: గుర్రం మెడచుట్టూ ఒక తోలు పట్టీ కట్టి, రెండు వేళ్లు దానికి తగిలించండి. పట్టు తప్పినా బరువు పట్టీ మీద పడుతుంది, నోటి మీద కాదు. పిక్కలతో మెత్తగా నొక్కండి. కదలకపోతే కాస్త గట్టిగా. అప్పటికీ కదలకపోతే మీ కాలి వెనకే బెత్తంతో చిన్నగా తట్టండి. కదలగానే కాలు వదిలేయండి. అలా వదలడమే దానికి బహుమానం. అదేపనిగా మడమలతో పొడిస్తే ఏది ఆజ్ఞో దానికెలా తెలుస్తుంది?

సమస్య: కాంటర్ (ట్రాట్ తర్వాతి వేగం, దౌడు) అడిగితే ట్రాట్‌లోనే ఉరుకుతుంది.

వెంటపడి తరమకండి. ట్రాట్ నెమ్మదించాక మూల తిరిగేటప్పుడు అడగండి: లోపలి కాలు జీను పట్టీ దగ్గర, బయటి కాలు కొంచెం వెనక. ముందుకు వంగకండి. ట్రాట్‌లో రెండు దెబ్బల చప్పుడు వినిపిస్తుంది, కాంటర్‌లో మూడు, చెవితోనే తెలిసిపోతుంది.

సమస్య: వేగం తగ్గించమంటే ఇంకా లాగుతుంది.

మీరు లాగితే అదీ లాగుతుంది. నిటారుగా కూర్చుని ఊపిరి వదలండి, పగ్గాల మీద వేళ్లు మూసి వెంటనే తెరవండి.

పళ్లనొప్పి, సరిపడని జీను వంటివి అరుదేమీ కాదు. కుంటు చూసినప్పుడే వాటినీ చూడండి.