మాఘంలో ఇంటి శంకుస్థాపనా? జేసీబీని పిలిచే ముందు

సొంత పట్టా భూమే అయినా గ్రావెల్, మట్టి తవ్వి బయటికి తోలి అమ్మాలంటే గనుల శాఖ అనుమతి ఉండాలి. చట్టం లెక్కలో అవి ఖనిజాలే. రవాణా పర్మిట్ లేని ట్రాక్టరును దారిలో ఆపితే బండి సీజ్, పైన జరిమానా. "మా చేను మట్టే కదా బాబూ" అంటే వినరు.

మట్టి కొంటున్నారా? పర్మిట్ చూపించమనండి. చౌకగా వస్తోందని చెరువు గర్భంలో తవ్విన లోడు దింపించుకోకండి.

మీ స్థలం సర్వే నంబరు 22-ఏ జాబితాలో, అంటే రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల జాబితాలో, ఉందేమో చూసుకోండి. డి-పట్టా (ప్రభుత్వం పేదలకు ఇచ్చిన అసైన్డ్ భూమి) అయితే మరీను.

ప్లాను అప్రూవల్ ఎక్కడో ముందే కనుక్కోండి. శ్రీకాకుళం చుట్టుపక్కల సుడా, బొబ్బిలి వైపు బుడా అనే పట్టణాభివృద్ధి సంస్థలు ఉన్నాయి. పంచాయతీ కాగితం ఒక్కటే సరిపోకపోవచ్చు.

పక్కింటి గోడ వారన పునాది లోతుగా తీయిస్తే, కొలతకు సర్వేయరును, తవ్వే ముందు ఇంజనీరును పిలవండి.